వాటర్‌టౌన్ బేస్‌మెంట్‌లో తయారైన అబద్ధం

మొన్న శనివారం రాత్రి పదకొండున్నరకి, నా పాటలో నాలుగు సెకన్ల గిటార్ ముక్కని ముప్పయ్యోసారో నలభయ్యోసారో వాయిస్తుంటే మా ఆవిడ తలుపు తీసి, "ఇందాకటిదానికీ దీనికీ తేడా ఏంటి?" అంది. హెడ్‌ఫోన్స్ ఇచ్చి రెండూ వినిపించాను. విని, "రెండూ ఒకటే, వచ్చి పడుకో" అని వెళ్ళిపోయింది. ఆవిడ మాట తప్పని చెప్పలేను, కానీ తేడా ఉంది.

ఇలాంటి రాత్రుల్లో నాకు టామ్ షోల్జ్ గుర్తొస్తాడు. రాక్ సంగీతం మీద పెద్దగా ఆసక్తి లేనివాళ్ళకి ఈ పేరు తెలియకపోవచ్చు. పగలు పోలరాయిడ్ కంపెనీలో ఇంజనీరు ఉద్యోగం, రాత్రి ఇంటి బేస్‌మెంట్‌లో రికార్డింగు, ఇలా అయిదారేళ్ళు గడిపాక 1976లో ఒక ఆల్బమ్ బయటికొచ్చింది. బ్యాండ్ పేరు బోస్టన్, ఆల్బమ్ పేరూ బోస్టనే. ఒక్క అమెరికాలోనే 1.7 కోట్ల కాపీలకి లెక్క తేలింది. దాని వెనక ఉన్న కథ మాత్రం, మొహమాటం లేకుండా చెప్పాలంటే, రికార్డు కంపెనీ చెవిలో పువ్వు పెట్టిన కథ.

నాకు ఈ ఆల్బమ్ ఎలా తగిలిందో ముందు చెప్తాను. 2012లో ఆన్‌సైట్ అని నన్ను మసాచుసెట్స్‌కి పంపారు. వాల్థమ్‌లో ఒక పాత చెక్క ఇల్లు, నలుగురం కుర్రాళ్ళం, అందరం తెలుగువాళ్ళమే. కింద బేస్‌మెంట్‌లో వాషింగ్ మెషీన్, బాయిలర్, గోడలకి ఎప్పటివో చెక్క పలకలు, గట్టిగా వాన పడితే మడమ మునిగేంత నీళ్ళు. ఓనర్‌కి చెప్తే "ఈ వీకెండ్ చూస్తా" అనేవాడు. ఆ వీకెండ్ మేం ఇల్లు ఖాళీ చేసేదాకా రాలేదు. ఆ బేస్‌మెంట్‌లో బట్టలు ఆరేదాకా కూర్చుని నేను గిటార్ నేర్చుకునేవాణ్ణి, ఎందుకంటే పైన వాయిస్తే గుంటూరు రూమ్మేటు "బావా, నీకు దణ్ణం పెడతా, కాసేపు ఆపు" అనేవాడు.

ఆఫీసుకి కారులో తీసుకెళ్ళే అమెరికన్ కొలీగ్ ఒకాయన ఉండేవాడు, అరవైకి దగ్గర్లో ఉంటాడు. ఒక రోజు రేడియోలో ఒక పాట మొదలైంది. గిటార్ మీద ఒక్కొక్క తీగా మీటుతూ, దూరం నుంచి ఎవరో నడిచొస్తున్నట్టు మెల్లగా గట్టిపడే శబ్దం. 'మోర్ దాన్ ఎ ఫీలింగ్'. ఆయన వాల్యూమ్ పెంచి, ఈ పాట ఇక్కడికి రెండు మైళ్ళ దూరంలో, ఒక ఇంటి కింద గదిలో తయారైందని చెప్పాడు. నేను నమ్మలేదు. అంత శుభ్రమైన శబ్దం, అన్ని గిటార్లు, ఒకదాని మీద ఒకటి పేర్చిన అన్ని గొంతులు, ఇదంతా మా ఇంటి కింద ఉన్నలాంటి బాయిలర్ పక్కనా? ఇంటికొచ్చి చదివాను. నిజమే. వాటర్‌టౌన్‌లో షోల్జ్ అద్దెకున్న అపార్ట్‌మెంట్ కింద, ఫర్నేస్ పక్కన చిన్న జాగా, చూడ్డానికి వికారంగా ఉండే పైన్ చెక్క గోడలు. అప్పుడప్పుడు నీళ్ళు కూడా వచ్చేవట. ఆ నీళ్ళ సంగతి చదివాక ఈ మనిషి మీద నాకు సొంత బంధువు మీద ఉండేంత అభిమానం పుట్టింది.

షోల్జ్ ఎంఐటీలో మెకానికల్ ఇంజనీరింగ్ బ్యాచిలర్స్, మాస్టర్స్ చేశాడు. చిన్నప్పుడు క్లాసికల్ పియానో నేర్చుకున్నాడు, గిటార్ ఆలస్యంగా మొదలుపెట్టాడు. పోలరాయిడ్‌లో ప్రాడక్ట్ డిజైన్ ఉద్యోగం, అంటే ఆ రోజుల్లో మంచి కంపెనీలో మంచి పని, ఫోటో తీసిన నిమిషంలో చేతికొచ్చే కెమెరాలు చేస్తున్న కంపెనీ. మన ఇళ్ళల్లో అయితే "ఇంకేం కావాలిరా" అనేవాళ్ళు. ఆయన మాత్రం జీతంలో మిగిలిందంతా టేపు మెషీన్లకి పెట్టాడు. స్కల్లీ అనే కంపెనీ 12 ట్రాకుల మెషీన్ ఒకటి తెచ్చుకుని బేస్‌మెంట్‌లో దించాడు.

ఈ 12 ట్రాకుల గొడవ ఇవాళ్టి పిల్లలకి కొంచెం చెప్పాలి. ఇప్పుడు నా ల్యాప్‌టాప్‌లో రెండొందల ట్రాకులు పెట్టినా అడిగేవాడు లేడు, తప్పు వాయిస్తే వెనక్కి లాగెయ్యొచ్చు. అప్పుడు టేపు మీద పన్నెండు గీతల్లాంటి జాగాలు, అంతే. ఒక గీతలో డ్రమ్స్, ఒకదాంట్లో బేస్ గిటార్, అలా నింపుకుంటూ పోవాలి. జాగా అయిపోతే మూడు నాలుగు గీతల్లో ఉన్నవాటిని కలిపి ఒకే గీతలోకి ఎక్కించి మిగతావి ఖాళీ చేసుకోవాలి, ఒకసారి కలిపాక మళ్ళీ విడదీయడం కుదరదు, పైగా కాపీ చేసిన ప్రతిసారీ టేపు రొద కొంచెం పెరుగుతుంది. మధ్యలో ఒక్క స్వరం తప్పిందనుకోండి, టేపు తిరుగుతుండగానే సరిగ్గా ఆ చోట రికార్డు బటన్ నొక్కి, అది వాయించి, సరిగ్గా వదిలెయ్యాలి. అర సెకను ఆలస్యమైతే పక్కనున్న మంచి ముక్క కూడా చెరిగిపోతుంది. షోల్జ్ గిటారూ తనే, బటనూ తనే. 'మోర్ దాన్ ఎ ఫీలింగ్' ఒక కొలిక్కి రావడానికే అయిదేళ్ళు పట్టిందని ఆయనే చెప్పుకున్నాడు.

ఇంకో సమస్య ఉంది, గిటార్ వాయించే ప్రతివాడికీ తెలిసిన సమస్య. వాల్వు ఆంప్లిఫయర్లు వాల్యూమ్ ఫుల్లుగా పెడితేనే బాగా పలుకుతాయి, ఆ చిక్కటి, తేనె కారుతున్నట్టుండే శబ్దం అప్పుడే వస్తుంది. ఫుల్లుగా పెడితే కింద ఉన్నవాడి చెవులూ పోతాయి, పైన ఉన్నవాళ్ళ నిద్రా పోతుంది. షోల్జ్ ఏం చేశాడంటే ఆంప్లిఫయర్‌కీ స్పీకర్‌కీ మధ్య సొంతంగా ఒక పెట్టె తయారుచేసి పెట్టాడు. ఆంప్లిఫయర్ తన పాటికి గొంతు చించుకుంటూ ఉంటుంది, ఎక్కువైన కరెంటుని ఆ పెట్టె వేడిగా మార్చి వదిలేస్తుంది, స్పీకర్‌కి వెళ్ళేది కొంచెమే. తర్వాత దాన్నే పవర్ సోక్ అని పేరు పెట్టి అమ్మాడు. ఆ తర్వాత బెల్టుకి తగిలించుకునే సైజులో రాక్‌మన్ అని ఒక హెడ్‌ఫోన్ ఆంప్ చేశాడు, దాన్ని ఎనభైల్లో డెఫ్ లెపర్డ్ లాంటి పెద్ద బ్యాండ్లు కూడా స్టూడియోలో వాడాయి. అంటే ఈ ఆల్బమ్‌లో మనకి వినిపించే గిటార్ శబ్దం సగం చేతిది, సగం సోల్డరింగ్ ఐరన్‌ది.

పాడినవాడు బ్రాడ్ డెల్ప్. పగలు ఆయన పని కాఫీ మెషీన్లలో పెట్టే హీటింగ్ ఎలిమెంట్లు తయారుచేసే ఫ్యాక్టరీలో. ఒకడు ఆఫీసు అయ్యాక ఆంప్లిఫయర్ వేడి వదిలించే పెట్టె చేస్తున్నాడు, ఇంకొకడు పొద్దంతా కాఫీ వేడిచేసే కాయిల్ చేసి వచ్చి మైకు ముందు నిలబడుతున్నాడు. ఈ పోలిక నాకు ఎందుకు ఇంత నచ్చిందో తెలీదు కానీ ఎవరు దొరికినా చెప్తుంటాను.

డెల్ప్ గొంతు గురించి ఒక్క మాట. 'మోర్ దాన్ ఎ ఫీలింగ్'లో గిటార్ సోలోకి ముందు ఒక స్వరం పట్టుకుని పైకి పైకి లాగుతాడు, ఎక్కడికి పోతాడో అని మనకి టెన్షన్ పడుతుంది, సరిగ్గా ఆయన గొంతు ఆగే చోట గిటార్ అందుకుంటుంది. గొంతు ఎక్కడ అయిపోయిందో గిటార్ ఎక్కడ మొదలైందో మొదటిసారి విన్నవాళ్ళు చెప్పలేరు. వెనక వినిపించే బృందగానం అంతా కూడా డెల్ప్ ఒక్కడే, ఒక్కొక్క వరసా విడిగా పాడి పేర్చింది.

సరే, టేపులు తయారయ్యాయి. రికార్డు కంపెనీలకి పంపితే అన్నీ తిరిగొచ్చాయి. వద్దన్నవాళ్ళలో ఎపిక్ కూడా ఉంది, చివరికి ఈ ఆల్బమ్ అమ్ముకుని లాభపడిన ఎపిక్కే. 1975లో ఆఖరి ప్రయత్నం అనుకుని చేసిన డెమో, అంటే మచ్చు టేపు, మేనేజర్ల చేతికి చేరి, వాళ్ళ ద్వారా మళ్ళీ అదే ఎపిక్ దాకా వెళ్ళింది, ఈసారి ఒప్పందం కుదిరింది. ఒప్పందంలో ఏముందంటే ఆరేళ్ళలో పది ఆల్బమ్‌లు ఇవ్వాలి. ఒక్క పాటకి అయిదేళ్ళు తీసుకున్న మనిషి, ఆరేళ్ళలో పది ఆల్బమ్‌లకి సంతకం పెట్టాడు. మొదటి ఉద్యోగం ఆఫర్ లెటర్ మీద మనం కూడా ఇలాగే సంతకం పెడతాం లెండి, చదవకుండా.

ఇంకో షరతు కూడా పెట్టారు. డెమోల్లో డ్రమ్స్ వాయించిన జిమ్ మస్డియా మాకు వద్దు, వేరేవాణ్ణి పెట్టుకోండన్నారు. మస్డియా మొదట్నుంచీ షోల్జ్‌తో ఉన్నవాడు, ఆ పాటల నడక కట్టడంలో చెయ్యి వేసినవాడు. ఆయన్ని పక్కనపెట్టి సిబ్ హషియన్ని తెచ్చుకున్నారు. దీని సంగతికి మళ్ళీ వస్తాను, నాకు ఈ మొత్తం కథలో గుచ్చుకున్న ముల్లు ఇదే.

ఇప్పుడు అసలు నాటకం. ఎపిక్ వాళ్ళు, డెమో బాగుంది, ఇక సరైన స్టూడియోలో సరైన ప్రొడ్యూసర్‌తో మొత్తం మళ్ళీ రికార్డు చెయ్యండన్నారు. వాళ్ళ కోణంలో తప్పు లేదు, బేస్‌మెంట్‌లో చేసినదాన్ని ఏ కంపెనీ విడుదల చేస్తుంది? షోల్జ్ మాత్రం తా పట్టిన కుందేలుకి మూడే కాళ్ళు అన్నట్టు, ఇదే గదిలో, ఇవే మెషీన్ల మీద చేస్తానని కూర్చున్నాడు. నాకు ఆయన మొండితనం అర్థమవుతుంది. ఏళ్ళ తరబడి ఏ పెట్టె ఎక్కడ పెడితే ఎలా పలుకుతుందో చూసుకున్న గది అది. కొత్త స్టూడియోలో గంటకింత అని మీటరు తిరుగుతుంటే, పక్కన ఇద్దరు ముగ్గురు తెలియనివాళ్ళు వాచీ చూసుకుంటుంటే, ముప్పయ్యోసారి వాయించడం ఏ మొహంతో కుదురుతుంది?

ప్రొడ్యూసర్‌గా వచ్చిన జాన్ బాయ్లన్ అప్పటికే గాయని లిండా రాన్‌స్టాట్ లాంటివాళ్ళతో పనిచేసిన మనిషి. ఆయన తన పేరు నిలబెట్టుకోవాలనుకుంటే షోల్జ్ చెయ్యి పట్టుకుని స్టూడియోకి లాక్కెళ్ళేవాడు. బదులుగా ఇద్దరూ కలిసి ఒక ప్లాన్ వేశారు. బాయ్లన్ మిగతా బ్యాండ్ని తీసుకుని లాస్ ఏంజెలెస్ వెళ్ళాడు. డెల్ప్, హషియన్, గిటారిస్టు బ్యారీ గుడ్రో, బేస్ వాయించే ఫ్రాన్ షీహన్, అందరూ అక్కడ స్టూడియోలో కనబడుతున్నారు కాబట్టి ఆల్బమ్ అక్కడ తయారవుతోందని కంపెనీ నిశ్చింతగా ఉంది. షోల్జ్ పోలరాయిడ్‌లో సెలవు పెట్టి, పొద్దున్నే లేచి మెట్లు దిగి బేస్‌మెంట్‌లోకి వెళ్ళి, ఏ ఎపిక్ అయితే మొత్తం మళ్ళీ చెయ్యమందో ఆ ఎపిక్ కోసం తన డెమోల్నే అచ్చుగుద్దినట్టు మళ్ళీ వాయించాడు. అంటే అడిగింది చేశాడు, అడిగిన చోట చెయ్యలేదు.

లాస్ ఏంజెలెస్ వెళ్ళినవాళ్ళు ఊరికే కూర్చోలేదు, 'లెట్ మీ టేక్ యు హోమ్ టునైట్' అనే పాట అక్కడ రికార్డు చేశారు. ఆల్బమ్‌లో షోల్జ్ చెయ్యి లేకుండా రాసిన పాట ఇదొక్కటే, రాసింది డెల్ప్. నేను ఈ సంగతి తెలియక ముందు కూడా ఆ ఆఖరి పాట వింటే ఏదో వేరే ఇంటి వంట తిన్నట్టుండేది. గాలీ వెలుతురూ ఎక్కువ, బరువు తక్కువ.

వాటర్‌టౌన్‌లో పని పూర్తయ్యాక బాయ్లన్ రికార్డింగ్ మెషీన్లున్న ఒక ట్రక్కుని పక్క రాష్ట్రం రోడ్ ఐలాండ్‌లోని ప్రావిడెన్స్ నుంచి పిలిపించాడు. బేస్‌మెంట్ కిటికీలోంచి లావాటి కేబుల్ లోపలికి దించి, షోల్జ్ 12 ట్రాకుల టేపుల్ని ట్రక్కులోని 24 ట్రాకుల మెషీన్‌లోకి ఎక్కించారు. ఆ వీధిలో వాళ్ళు ఏమనుకున్నారో! మా వీధిలో నీళ్ళ ట్యాంకర్ వచ్చి పైపు కిటికీలోంచి వేస్తేనే పదిమంది బాల్కనీల్లోకి వస్తారు. ఆ టేపులు పట్టుకుని లాస్ ఏంజెలెస్ వెళ్ళి డెల్ప్ గొంతులు ఎక్కించి, అక్కడే మిక్సింగ్ చేశారు. కంపెనీ చేతికి మాత్రం లాస్ ఏంజెలెస్ నుంచి వచ్చిన ఆల్బమే అందింది. బ్యాండ్‌కి బోస్టన్ అని పేరు సూచించింది కూడా బాయ్లన్, ఇంజనీర్ వారెన్ డ్యూయీ. వాళ్ళు అంతకుముందు మదర్స్ మిల్క్ అనే పేరుతో ఉండేవాళ్ళు. ఆ పేరుతో 1.7 కోట్లు అమ్ముడుపోయేదంటారా? నాకైతే డౌటే.

1976 ఆగస్టు 25న ఆల్బమ్ వచ్చింది. అట్ట మీద గిటార్ ఆకారంలో అంతరిక్ష నౌకలు, పగిలిపోతున్న భూమి నుంచి పారిపోతుంటాయి. ఆ అట్టకి ఆర్ట్ డైరెక్టర్ పౌలా షేర్, బొమ్మ వేసింది రోజర్ హైసెన్. షేర్ తర్వాత గ్రాఫిక్ డిజైన్‌లో చాలా పెద్ద పేరు తెచ్చుకుంది, కానీ ఎక్కడికి వెళ్ళినా ఆ గిటార్ నౌకల గురించే అడుగుతారని విసుక్కుంటుంది. నిజానికి ఆ అట్ట నాకూ పెద్దగా నచ్చదు. వాల్థమ్‌లో ఒక పాత సామాన్ల అమ్మకంలో రెండు డాలర్లకి ఎల్పీ కొన్నప్పుడు మా గుంటూరు బావ చూసి "ఇదేంటి బావా, దీపావళి టపాకాయల పెట్టె మీద బొమ్మలా ఉంది" అన్నాడు. ఎల్పీ వాయించే ప్లేయర్ నా దగ్గర లేదు, ఇప్పటికీ లేదు. గోడకుంది.

విడుదలయ్యాక కూడా షోల్జ్ పోలరాయిడ్‌కి వెళ్తూనే ఉన్నాడు. అమ్ముడుపోతుందో లేదో నమ్మకం లేదు కదా. ఆఫీసులో తన పని తను చేసుకుంటుంటే ఎవరిదో రేడియోలోంచి తన పాట వినిపించిందట. నాకు ఈ కథలో అన్నిటికన్నా ఇష్టమైన దృశ్యం ఇదే. ఏ స్టేజీ కాదు, అరుపులు కాదు, పక్క డెస్కు మీద రేడియో. ఆ క్షణం ఆయన లేచి నిలబడ్డాడా, పక్కవాడికి చెప్పాడా, లేక తల దించుకుని డ్రాయింగ్ చూసుకున్నాడా అని నేను చాలాసార్లు ఊహించుకున్నాను.

అదే నవంబరుకి పది లక్షల కాపీలు దాటింది. 'మోర్ దాన్ ఎ ఫీలింగ్' అమెరికా బిల్‌బోర్డ్ పట్టికలో 5వ స్థానం దాకా, ఆల్బమ్ 3వ స్థానం దాకా వెళ్ళాయి. న్యూయార్క్‌లో వాళ్ళు మొట్టమొదట వాయించింది వేలమంది పట్టే మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో. చిన్నా చితకా క్లబ్బుల్లో ఏళ్ళ తరబడి వాయించి పైకొచ్చే పద్ధతే లేదు వీళ్ళకి, బేస్‌మెంట్ నుంచి తిన్నగా స్టేడియమే. విమర్శకులు మాత్రం మొహం చిట్లించారు. మరీ నున్నగా ఉంది, కంపెనీ కొలతలకి కుట్టించినట్టుంది, కార్పొరేట్ రాక్ అన్నారు. నవ్వొస్తుంది. కంపెనీ కళ్ళుగప్పి ఒక ఉద్యోగి అద్దె ఇంటి కింద చేసుకున్న రికార్డు అది. అందులో రెండో పాట 'పీస్ ఆఫ్ మైండ్' కంపెనీ నిచ్చెన మెట్లెక్కేవాళ్ళ మీదే.

ఇక్కడిదాకా చెప్పి ఆపేస్తే ఇది ఒంటి చేత్తో కొండని ఎత్తిన మేధావి కథ అవుతుంది, చాలామంది అలాగే చెప్తారు, నేను కూడా చాలా ఏళ్ళు అలాగే చెప్పుకుని మురిసిపోయాను. ఎల్పీ వెనక ఎవరు ఏ పాటలో ఏం వాయించారో నిదానంగా చూశాక మనసు మారింది. ఎనిమిది పాటలు, మొత్తం 38 నిమిషాల లోపు. గుడ్రో, షీహన్ల వాయిద్యం ఉన్నది రెండు పాటల్లోనే. మిగతా చోట్ల గిటార్లు, బేస్, ఆర్గాన్ అంతా షోల్జే. ఫోటోలో అయిదుగురు ఉంటారు. ఊరేగింపుకి ఉత్సవ విగ్రహాలు కావాలి, గర్భగుడిలో ఒక్కడే. కానీ ఆ ఒక్కడి పాటల్ని జనం గుండెలకి హత్తుకుంది డెల్ప్ గొంతు వల్ల. ఆ గొంతు తీసేసి వినండి, చక్కగా కట్టిన వంతెనని చూసినట్టుంటుంది, మెచ్చుకుంటాం, అంతే.

ఇక హషియన్ సంగతి. మస్డియా డెమోల్లో వాయించిన డ్రమ్స్‌ని దెబ్బకి దెబ్బ, అచ్చు అలాగే మళ్ళీ వాయించమన్నారు ఆయన్ని. ఒకణ్ణి వద్దన్నారు కానీ వాడి వాయింపు కావాలి. వచ్చినవాడు కావాలి కానీ వాడి వాయింపు వద్దు. అమ్మ పెట్టా పెట్టదు, అడుక్కు తినా తిననివ్వదు అంటారే, అలాంటి ఇరకాటం ఇద్దరికీ. మస్డియా చేతులు ఆ ఆల్బమ్‌లో మిగిలింది 'రాక్ అండ్ రోల్ బ్యాండ్' అనే ఒక్క పాటలో. హషియన్ మాత్రం ఎంత బాగా వాయించాడో వినండి, ఎవరో రాసిచ్చింది వాయిస్తున్నట్టు ఎక్కడా తెలీదు. చివరిదాకా డ్రమ్స్ వదల్లేదాయన, 2017లో ఒక ఓడ మీద కచేరీలో వాయిస్తూనే కుప్పకూలి చనిపోయాడు. (హాలీవుడ్ నటుడు డ్వేన్ జాన్సన్‌కి పిల్లనిచ్చింది వీళ్ళింటి నుంచే. ఈ ముక్క మా ఆవిడకి చెప్తే ఈ మొత్తం కథలో ఆవిడకి గుర్తుండిపోయింది అదొక్కటే.)

తర్వాతి కథ క్లుప్తంగా. రెండో ఆల్బమ్ 1978లో వచ్చింది, కంపెనీ తొందరపెట్టడంతో అది పూర్తిగా ఉడక్కముందే దించేయాల్సి వచ్చిందని షోల్జ్ బాధ. మూడోదానికి తన టైము తను తీసుకున్నాడు. ఒప్పందం ప్రకారం ఇవ్వలేదని ఎపిక్ సొంతదారు సీబీఎస్ కోర్టుకెక్కింది. 1986లో ఆ మూడో ఆల్బమ్ వేరే కంపెనీ నుంచి వచ్చి నంబర్ వన్ అయింది, కేసు 1990లో షోల్జ్ గెలిచాడు. లెక్క చూస్తే పదేళ్ళలో మూడు ఆల్బమ్‌లు. ఈలోగా గుడ్రో, షీహన్, హషియన్ ఒక్కొక్కరే బయటికెళ్ళిపోయారు. మూడో ఆల్బమ్‌లో మళ్ళీ ఎవరు వాయించారో తెలుసా, జిమ్ మస్డియా. అది చదివినప్పుడు మాత్రం నాకు నిజంగా సంతోషమేసింది. డెల్ప్ 2007 మార్చిలో తన ప్రాణం తనే తీసుకున్నాడు, 55 ఏళ్ళకి. ఆయనతో పరిచయమున్నవాళ్ళంతా చెప్పేది ఒకటే, అంత మంచి మనిషి ఉండడని. ఆ వార్త తెలిశాక ఆ ఎత్తైన స్వరం దగ్గరికి వచ్చేసరికి నాకు ఒక్కోసారి పాట ఆపెయ్యాలనిపిస్తుంది.

వాల్థమ్ నుంచి వచ్చేసే ముందు ఒక ఆదివారం 70వ నంబర్ బస్సెక్కి వాటర్‌టౌన్ వెళ్ళాను. ఆ ఇల్లు వెతకడానికి కాదు, ఎవరో ఉంటున్న ఇంటి ముందు నిలబడి కిటికీల్లోకి తొంగి చూడ్డం మర్యాద కాదు. ఊరికే తిరిగాను. ఆర్మేనియన్ బేకరీలో రొట్టె కొనుక్కుని తింటూ నడిచాను. వీధి వీధికీ అవే చెక్క ఇళ్ళు, నేలకి ఆనుకుని చిన్న చిన్న బేస్‌మెంట్ కిటికీలు, చెయ్యి పట్టేంత. ఒక్కో కిటికీ చూసినప్పుడల్లా దీంట్లోంచి కేబుల్ పడుతుందా అని లెక్క వేసుకున్నాను.

మళ్ళీ నా గొడవకి వస్తాను. ఇప్పుడు ఉండేది మియాపూర్‌లో, బేస్‌మెంట్ అంటే ఇక్కడ సెల్లార్, అందులో కార్లు తప్ప ఏమీ పెట్టనివ్వరు. రెండో బెడ్రూమ్‌లో పరుపు గోడకి ఆనించి రికార్డు చేస్తాను. మూడేళ్ళుగా నాలుగు పాటలు. షోల్జ్ లెక్కలో నేనింకా త్వరగా చేస్తున్నట్టే. డ్రమ్స్ నాకు రావు, కంప్యూటర్లో ఒక్కొక్క దెబ్బా మౌసుతో పెట్టి తయారుచేసుకున్నా. నిజమైన డ్రమ్స్ కావాలని వరంగల్ కుర్రాడొకణ్ణి పట్టుకున్నా, ఆఫీసులో జూనియర్, చెయ్యి చాలా బావుంటుంది. ఫైలు పంపి "ఏం మార్చకు, అచ్చం ఇట్లనే కావాలె" అని వాడి భాషలోనే చెప్పా. వాడు రెండ్రోజులు ఏమీ అనలేదు. మూడో రోజు క్యాంటీన్లో టీ తాగుతూ, "అన్నా, అన్నీ నువ్వే పెట్టినవ్ గద, ఇగ నేనెందుకు?" అన్నాడు. కోపంగా కాదు, నిజంగానే అడిగాడు. నా దగ్గర జవాబు లేదు. హషియన్ గురించి ఇంత గుచ్చుకుందని రాసిన వాణ్ణే కదా, నేను చేసింది ఏంటి మరి?

నిన్న ఆదివారం వాడు ఇంటికొచ్చి డ్రమ్ ప్యాడ్ల మీద తనకి తోచినట్టు వాయించాడు. రెండో చరణంలో నేను పెట్టిన రోల్, అంటే గబగబా పడే వరస దెబ్బలు, తీసేసి అక్కడ ఏమీ వాయించకుండా వదిలేశాడు. నాకు మొదట వినగానే బోడిగా అనిపించింది. రాత్రి మళ్ళీ విన్నాను. రెండు ఫైళ్ళూ పక్కపక్కన ఉన్నాయి, 'నాది', 'వాడిది' అని పేర్లు పెట్టాను. ఈసారి మా ఆవిడకి వినిపిస్తే తేడా వెంటనే చెప్పింది, కానీ ఏది బావుందో చెప్పకుండా గిన్నెలు కడగాలి అని వెళ్ళిపోయింది. ఇది రాస్తూ ఇంకోసారి విన్నాను. ఆ ఖాళీ చోట నా గిటార్‌లో ఒక తీగ కొద్దిగా బుర్రుమంటోంది, ఇన్నాళ్ళూ ఆ రోల్ కింద దాక్కుని ఉంది. అది మళ్ళీ వాయించాలి.